దృగ్గణిత ధురీణుడు చింతామణి రఘునాథాచార్యులు

గ్రహణము వచ్చుననగా ప్రతి గ్రామమునందును జనులు పంచాంగము తెరతురు. రెండు పంచాంగములు రెండు వేళలు చెప్పినచో ఏది నమ్మవలెనో తెలియక చిక్కుపడుదురు. ఈ చిక్కును విప్పుటకై జీవితమును ధారపోసిన మహనీయుడు చింతామణి రఘునాథాచార్యులు.

మన చిత్తూరు సీమ మదరాసు రాజధానిలో భాగమైయుండిన కాలమున, పంచాంగకర్తల వంశమున వీరు జన్మించిరి. చిన్నవయసుననే మదరాసు నుంగంబాక్కములోని వేధశాలలో కొలువునకు చేరిరి. కుంపిణీవారు 1792లో నిర్మించిన వేధశాల అది. క్రమముగా అధికారియైన పాగ్సనుదొర క్రింద మొదటి సహాయకులైరి. ఒక్కొక్క నక్షత్రము మధ్యాహ్నరేఖను దాటు క్షణమును దుర్భిణితో చూచి వ్రాయుట వారి నిత్యకృత్యము. దినచిట్టాలో ఒక్క అంకె తప్పిన మొత్తమంతయు చెడును. ఆకాశపు చిట్టాయు అట్టిదే. అట్టి పనిని వారు ముప్పది యేండ్లకు పైగా చేసిరి.

1867లో దక్షిణాకాశమునందు ఒక చరనక్షత్రమును కనుగొనిరి. దాని వెలుగు సుమారు 278 దినములకొకసారి పెరిగి తరుగుచుండును. 1868 ఆగస్టు 18 నాటి సంపూర్ణ సూర్యగ్రహణమును పరిశీలించుటకు తెలుగునేలయందలి వనపర్తికి పోయిరి. 1872లో లండనులోని రాయల్ ఆస్ట్రనామికల్ సొసైటీ వారిని సభ్యునిగా గైకొనెను.

ఇంతటి విద్యను వారు వేధశాల గోడలలోనే దాచుకొనలేదు. 1874 డిసెంబరు 9న శుక్రుడు సూర్యబింబముపై నల్లని చుక్కవలె నడచునని ముందుగా తెలిసినప్పుడు, సామాన్యులకు బోధపడునట్లు ఒక చిన్న పుస్తకమును వ్రాసి ఆంగ్లమునను, దేశభాషలలోను వెలువరించిరి. సిద్ధాంతికిని పండితునికిని నడచిన సంభాషణగా దానిని కూర్చిరి. భూమిపై వేర్వేరు తావులనుండి ఈ సంక్రమణ కాలమును కొలిచిన, సూర్యుడు మనకెంత దూరమున నున్నాడో గణింపవచ్చును. అంతకుముందు ఇట్టిది 1769లో జరిగెను. 2012 తరువాత మరల 2117లోగాని జరుగదు.

పూర్వసిద్ధాంతములయందు వారికి భక్తి కలదు. అయినను గణితము కంటికి కనబడు ఆకాశముతో సరిపోవలెననియు, కాలక్రమమున చేరిన భేదమును దిద్దుకొనవలెననియు వారి నిశ్చయము. ఆ పద్ధతినే దృగ్గణితమందురు. దాని ననుసరించి వారు పంచాంగమును ప్రకటించిరి. తాత తండ్రులు గుణించిన రీతిని మార్చుట తేలిక కాదు. వంశవిద్యను విడువక, కన్నులార చూచిన సత్యమును మరుగుపరుపక, రెంటిని కలుపుటయే వారి ఘనత. పెద్దలు వ్రాసిన లెక్కను సరిచూచుట వారిని ధిక్కరించుట కాదు; వారు మొదలిడిన పనిని కొనసాగించుటయే.

1880 ఫిబ్రవరి 5న వారు కీర్తిశేషులైరి. 1899లో వేధశాల పని కొడైకెనాలునకు తరలిపోయెను.

దుర్భిణి ప్రతి గ్రామమునకు రాకపోవచ్చును; పుస్తకము రాగలదు. ఆ సంగతి ఎరిగియే వారు శుక్రుని కథను దేశభాషలలో వెలువరించిరి. ఇరువదియైదేండ్లు నిండిన మన గ్రంథాలయము నిలిచియున్నదియు అందులకే. పాఠకులు ఇచట ఖగోళ గ్రంథమొకటి చదివి, ఆ రాత్రియే పెరటిలో నిలిచి, చదివినది ఆకాశమున సరిచూచుకొందురుగాక.