జపాను కథానిధి – లఫ్కాడియో హెర్న్ మహాశయుడు

విక్రమార్కుడు బేతాళుని భుజమున మోయుచు కథలు వినిన వైనము మన పిల్లలెల్ల నెరుగుదురు. అట్లే జపానువారి భూతకథలను చెవియొగ్గి విని లోకమున కందించిన పరదేశి లఫ్కాడియో హెర్న్ మహాశయుడు.

ఈయన 1850వ సంవత్సరము జూను 27వ తేదీన గ్రీకు ద్వీపమగు లెఫ్కాదాలో జన్మించెను. తల్లి గ్రీకు వనిత. తండ్రి ఐర్లండు దేశీయుడు, ఆంగ్లసైన్యమున వైద్యుడు. పసితనముననే తలిదండ్రు లిరువురును దూరమైరి. డబ్లిన్ నగరమున నొక వృద్ధబంధువు పెంచెను. చీకటిగదిలో నొంటరిగా పరుండబెట్టగా బాలుడు దయ్యములకు వెరచి వణకెడివాడు. పదునారవ యేట ఆటలో దెబ్బ తగిలి యెడమకన్ను పోయెను. 1869లో బీదవాడై అమెరికా చేరి, ఆకలి కోర్చి, పత్రికా విలేఖరిగా పేరుగాంచెను.

1890లో జపాను చేరి మత్సుఎ పట్టణమున ఆంగ్లోపాధ్యాయుడయ్యెను. పేదయైన సమురాయి వంశమునకు చెందిన కొయిజుమి సెత్సును వివాహమాడి, 1896లో జపాను పౌరుడై కొయిజుమి యకుమో అను పేరు దాల్చెను. పిదప టోక్యో విశ్వవిద్యాలయమున ఆంగ్లసాహిత్యము బోధించెను.

జపాను గ్రంథములు చదువగల పాండిత్య మాయనకు లేదు. సెత్సు పాతపుస్తకములు వెదకి తెచ్చి, చదివి, రాత్రివేళ దీపము తగ్గించి కథ చెప్పెడిది. పుస్తకము చూచి చదువ నిచ్చెడివాడు కాడు. ఆమె సొంత మాటలలోనే చెప్పవలెను. దంపతుల నడుమ నడచినది వారికే తెలిసిన కలగలుపు జపాను భాష.

ఆ శ్రవణఫలమే 1904లో వెలువడిన 'క్వైదాన్'. అందు మంచులో ప్రాణములు తీయు హిమకాంత యుకి ఒన్నా కలదు. రాత్రులందు మొండెములు విడిచి యెగురు తలల రొకురొకుబి కలదు. హోఇచి కథ మరింత హృదయంగమము. ఆ గ్రుడ్డి గాయకుడు వీణవంటి బివా మీటుచు, సముద్రయుద్ధమున మడిసిన వీరుల గాథ పాడెడివాడు. ఆ వీరుల ప్రేతములే యాతని పాటకై పిలువనంపెను. ఆశ్రయమిచ్చిన బౌద్ధగురువు రక్షణకై మేనెల్ల పవిత్రాక్షరములు వ్రాయించెను గాని చెవులు మరువబడెను. వచ్చిన ప్రేతము ఆ చెవులనే త్రెంచుకొని పోయెను.

ఈ కథ వ్రాయునాడు హెర్న్ చీకటి పడినను దీపము వెలిగింపక కూర్చుండెననియు, తాను హోఇచీ యని పిలువగా ఆ యంధుడే యైనట్లు బదులు పలికెననియు సెత్సు తన స్మృతులలో వ్రాసెను. బాల్యమున బెదరించిన చీకటియే యిట్లు ఆయనకు కరుణను నేర్పినది.

అదే సంవత్సరము సెప్టెంబరు 26వ తేదీన, 54వ యేట, గుండెజబ్బుచే టోక్యోలో కన్నుమూసెను. ఆయన కూర్చిన రెండువేలకు పైబడిన గ్రంథములు నేడు తొయామా విశ్వవిద్యాలయ గ్రంథాలయమున భద్రముగా నున్నవి.

పుస్తకముపై నున్నది హెర్న్ పేరు. కథ చెప్పినది సెత్సు. మన యిండ్లలోను కథ లెరిగిన పెద్దలు కలరు. వారి గొంతు మూగవోక మునుపే వినుట, వినినది వ్రాసి గ్రంథాలయమున చేర్చుట పాఠకులమగు మన విధి.