రోనాల్డ్ రాస్

సాయంకాలం కాగానే ఇంట్లోకి దోమలు వస్తాయి. చూడడానికి అన్నీ ఒకే విధంగా కనిపిస్తాయి. కాని వాటిలో ఎన్నో జాతులు ఉన్నాయి. ఏ జాతి దోమ ఏ వ్యాధిని మోసుకొని వస్తుందో తెలియని కాలంలో లక్షలాది ప్రజలు మలేరియా జ్వరానికి బలి అయ్యేవారు. చెడు గాలి పీల్చడంవల్ల ఈ జ్వరం వస్తుందని నమ్మేవారు. ఇటలీ భాషలో మలేరియా అనే మాటకు అర్థం కూడా చెడు గాలి అనే. ఆ జ్వరం రహస్యాన్ని ఛేదించిన శాస్త్రజ్ఞుడు రోనాల్డ్ రాస్.

రాస్ 1857 మే 13న హిమాలయ ప్రాంతంలోని అల్మోరాలో జన్మించాడు. తండ్రి సైన్యాధికారి. ఎనిమిదో ఏట రాస్‌ను చదువుకోసం ఇంగ్లండుకు పంపారు. అతనికి కవిత్వమన్నా, చిత్రలేఖనమన్నా ఇష్టం. అయినా తండ్రి కోరిక ప్రకారం వైద్యం చదివి, 1881లో ఇండియన్ మెడికల్ సర్వీసులో చేరాడు. బెంగుళూరులో పనిచేసే రోజుల్లో ఆయన బంగళాలో దోమల బాధ ఎక్కువగా ఉండేది. కిటికీ దగ్గరి తొట్టినీళ్లలో దోమపిల్లలు కదలడం ఆయన గమనించాడు. ఆ నీళ్లు పారబోయించగానే దోమలు తగ్గిపోయాయి.

1880లో లావెరాన్ అనే ఫ్రెంచి వైద్యుడు మలేరియా రోగుల రక్తంలో ఒక పరాన్నజీవిని కనుగొన్నాడు. దానిలో నల్లని రేణువులు ఉంటాయి. అయితే అది ఒకరినుంచి మరొకరికి ఎలా చేరుతుందో తెలియలేదు. 1894లో రాస్ లండనులో ప్యాట్రిక్ మాన్సన్ అనే వైద్యుణ్ణి కలుసుకున్నాడు. దోమలే దీనికి కారణం కావచ్చునని మాన్సన్ ఊహించాడు. ఆ ఊహ నిజమో కాదో తేల్చాలని రాస్ నిశ్చయించుకున్నాడు.

1895లో ఆయన సికింద్రాబాదు చేరి పరిశోధన ప్రారంభించాడు. దోమల జాతులను గుర్తించడం ఆయనకు రాదు. చూసి నేర్చుకోవడానికి తగిన పుస్తకాలూ దొరకలేదు. అందువల్ల రూపాన్నిబట్టి బూడిదరంగు దోమలని, చారల దోమలని తానే పేర్లు పెట్టుకున్నాడు. రోగులను కుట్టిన దోమలను కోసి సూక్ష్మదర్శినితో పరీక్షించేవాడు. గాలికి దోమలు ఎగిరిపోతాయని ఎండాకాలంలో కూడా పంకా వేయించుకునేవాడు కాదు. చెమటకు సూక్ష్మదర్శిని మరలు తుప్పుపట్టాయి. రెండేళ్లు గడిచినా ఫలితం కనిపించలేదు. 1897లో ఊటీ ప్రాంతానికి వెళ్లినప్పుడు ఆయనకే మలేరియా సోకింది. అయినా పట్టు విడువలేదు.

ఆ ఏడాది ఆగస్టులో సహాయకులు కొత్తరకం దోమపిల్లలను తెచ్చారు. వాటినుంచి వచ్చిన దోమల రెక్కలమీద మచ్చలు ఉన్నాయి. హుసేన్‌ఖాన్ అనే రోగిని ఆ దోమలచేత కుట్టించి, దోమకు ఒక అణా చొప్పున అతనికి ఇచ్చాడు. ఆగస్టు 20న ఒక దోమను కోసి చూడగా, దాని కడుపు గోడలో గుండ్రని కణాలు కనిపించాయి. వాటిలో లావెరాన్ చూసినటువంటి నల్లని రేణువులే ఉన్నాయి! మరునాడు మిగిలిన దోమను కోశాడు. అందులోని కణాలు మరింత పెద్దవిగా ఉన్నాయి. పరాన్నజీవి దోమలో పెరుగుతున్నదని రాస్ గ్రహించాడు. ఇంతకాలం తాను పరీక్షించినవి వేరే జాతి దోమలని తెలుసుకున్నాడు. ఆ మచ్చల రెక్కల దోమే అనాఫిలిస్.

1898లో కలకత్తాలో పక్షుల మలేరియాను పరిశోధించి, పరాన్నజీవి దోమ లాలాజల గ్రంథులకు చేరి, కాటుద్వారా వ్యాపిస్తుందని రుజువు చేశాడు. అదే సంవత్సరం మనుషుల మలేరియాను అనాఫిలిస్ దోమలే వ్యాపింపజేస్తాయని ఇటలీ శాస్త్రజ్ఞులు నిరూపించారు. 1902లో రాస్‌కు నోబెల్ బహుమతి లభించింది. తరువాత ఆయన అనేక దేశాలలో దోమల నిర్మూలనకు కృషిచేసి, 1932 సెప్టెంబరు 16న లండనులో మరణించాడు. ఆగస్టు 20వ తేదీని ప్రపంచ దోమల దినంగా పాటిస్తున్నారు.

అనాఫిలిస్ దోమ గోడమీద వాలినప్పుడు తోకభాగాన్ని పైకెత్తి ఏటవాలుగా నిలుస్తుంది. బోదకాలు వ్యాధిని వ్యాపింపజేసే క్యూలెక్స్ దోమ గోడకు సమాంతరంగా ఉంటుంది. డెంగీని మోసే ఏడిస్ దోమ కాళ్లమీద తెల్లని పట్టీలు ఉంటాయి. ఇవన్నీ నీటిలోనే పుడతాయి. ఇంటి చుట్టూ నీరు నిలవకుండా చూసుకుంటే ఈ మూడింటినీ అరికట్టవచ్చు.