ఓడినవాడికీ ఒక కుర్చీ

స్వర్ణోత్సవ సంచికకు ఏదైనా రాసి పంపమని మన సంఘం వాళ్లు ఫోన్ చేసినప్పుడు, అందరిలాగే నేనూ గోలీసోడాలు, గోడ దూకి చూసిన సినిమాల కబుర్లే రాద్దామనుకున్నాను. అవి నాకన్నా బాగా రాయగలవాళ్లు మా బ్యాచ్‌లోనే పదిమంది ఉన్నారు. అందుకని తొమ్మిదో తరగతిలో మా సోషల్ మాస్టారు పరిచయం చేసిన ఒక పెద్దమనిషి గురించి రాస్తున్నాను. ఆయన పేరు టాలీరాండ్. ఫ్రాన్సు విదేశాంగ మంత్రిగా పనిచేశాడు.

మాస్టారు ఆ పాఠాన్ని యానాంతో మొదలుపెట్టారు. మేం సైకిళ్ల మీద వెళ్లి చూసొచ్చే ఊరది. చుట్టుపక్కల ఊళ్లన్నీ ఇంగ్లీషువాళ్ల కింద ఉంటే, అదొక్కటీ 1954 దాకా ఫ్రెంచివాళ్ల చేతిలో ఎందుకుందని అడిగారు. ఎవరం చెప్పలేకపోయాం. యుద్ధంలో ఇంగ్లీషువాళ్లు దాన్ని పట్టుకున్నారనీ, 1814లో పారిస్‌లో కుదిరిన ఒప్పందం ప్రకారం పాండిచ్చేరితో పాటు తిరిగి ఇచ్చేశారనీ, అక్కడ కోటలు మాత్రం కట్టకూడదని షరతు పెట్టారనీ ఆయనే చెప్పారు. గెలిచినవాళ్లు ఓడినవాళ్లకు ఊళ్లు తిరిగి ఇవ్వడమేమిటా అని మాకు ఆశ్చర్యం. ఆ ఒప్పందం మీద ఫ్రాన్సు తరఫున సంతకం చేసినవాడే టాలీరాండ్.

ఆయన 1754 ఫిబ్రవరి 2న పారిస్‌లో పెద్ద ప్రభువుల వంశంలో పుట్టాడు. కాలు అవిటిది కావడంతో సైన్యానికి పనికిరాడని, పెద్దకొడుకు హక్కు తమ్ముడికి ఇచ్చి, ఇతన్ని చర్చి చదువులో వేశారు. ఇష్టం లేని చదువే అయినా పైకొచ్చి 1788లో ఓతాన్ బిషప్‌గా నియమితుడయ్యాడు. మరుసటి ఏడే ఫ్రెంచి విప్లవం వచ్చింది. బిషప్‌గా ఉంటూనే చర్చి ఆస్తుల్ని దేశానికి స్వాధీనం చేయాలని ప్రతిపాదించాడు. పోప్ ఆగ్రహానికి గురయ్యాడు. విప్లవం నెత్తురు పారించే రోజులొచ్చేసరికి ఇంగ్లాండులోనూ, ఆ తర్వాత అమెరికాలోనూ తలదాచుకుని, 1796లో తిరిగొచ్చాడు. 1797లో విదేశాంగ మంత్రి అయ్యాడు.

మాస్టారు ఆయన్ని మహాత్ముడిగా చెప్పలేదు. మహా డబ్బు మనిషి. మంత్రి అయిన తొలి రోజుల్లోనే అమెరికా దూతల్ని మధ్యవర్తుల చేత లంచం అడిగించి రచ్చకెక్కాడు. విప్లవ ప్రభుత్వానికి, నెపోలియన్‌కి, మళ్లీ వచ్చిన రాజుకి, అందరికీ కొలువు చేశాడు. 1808లో ఎర్ఫర్ట్‌లో రష్యా చక్రవర్తి అలెగ్జాండర్‌ను రహస్యంగా కలిసి, నెపోలియన్‌కు లొంగవద్దని నూరిపోశాడు. అది ద్రోహమా, దేశసేవా అని ఇప్పటికీ వాదించుకునేవాళ్లున్నారు.

అయితే ఒక్క విషయంలో మాత్రం ఆయన బుద్ధి నిలకడగా ఉంది. ఓడినవాణ్ణి మరీ అణగదొక్కితే ఆ శాంతి నిలవదని నమ్మాడు. 1805లో ఆస్ట్రియా మీద నెపోలియన్ గెలుస్తున్నప్పుడు, ఆ దేశాన్ని చితక్కొట్టవద్దని, స్నేహం చేసుకోమని సలహా ఇచ్చాడు. నెపోలియన్ వినలేదు. నాలుగేళ్లు తిరక్కుండానే ఆస్ట్రియా మళ్లీ కత్తి దూసింది. తన దేశం గెలిచేటప్పుడు ఆయన చెప్పిన ఆ మాటే, తన దేశం ఓడినప్పుడు ఆయనకు అక్కరకొచ్చింది.

1792లో మొదలైన యుద్ధాలు ఇరవై ఏళ్లకు పైగా యూరప్‌ను కాల్చాయి. 1814 మార్చి 31న శత్రుసేనలు పారిస్‌లో అడుగుపెట్టాయి. అలెగ్జాండర్ బస చేసింది టాలీరాండ్ ఇంట్లోనే. పాత రాజవంశం తిరిగి గద్దెనెక్కింది. మే 30న ఒప్పందం కుదిరింది. ఫ్రాన్సు దాదాపు 1792 నాటి సరిహద్దులకు తగ్గింది. జరిమానా మాత్రం పడలేదు.

మిగతా యూరప్‌ను సర్దడానికి ఆ సెప్టెంబరులో వియన్నాలో మహాసభ పెట్టారు. రష్యా, ఆస్ట్రియా, ప్రష్యా, ఇంగ్లాండు ముందే కూడబలుక్కున్నాయి. నిర్ణయాలు తాము చేసి, ఫ్రాన్సుకు తర్వాత వినిపించాలని వాటి ఆలోచన. సెప్టెంబరు 30న టాలీరాండ్‌ను ఒక సమావేశానికి పిలిచి, రాసుకున్న కాగితం చూపించారు. అందులో ఆ నలుగురినీ మిత్రరాజ్యాలని రాసుకోవడం ఆయన కంటపడింది. యుద్ధం అయిపోయి, శాంతి మీద సంతకాలు కూడా అయ్యాక ఇంకా ఎవరి మీద మిత్రులని నిలదీశాడు. చిన్న రాజ్యాలను వదిలేసి నలుగురే తేల్చే హక్కు ఎక్కడిదని అడిగాడు. ఆయన వెనక సైన్యం లేదు, ఉన్నదల్లా ఆ ప్రశ్నే. వాళ్లు ఆ కాగితం పక్కన పెట్టాల్సి వచ్చింది.

తర్వాత నలుగురిలో చీలిక వచ్చింది. రష్యాకు పోలండు కావాలి, ప్రష్యాకు సాక్సనీ మొత్తం కావాలి. ఇంగ్లాండు, ఆస్ట్రియా ఒప్పుకోలేదు. మళ్లీ యుద్ధం వచ్చేలా ఉంది. 1815 జనవరి 3న ఇంగ్లాండు, ఆస్ట్రియా, ఫ్రాన్సు రహస్యంగా ఒప్పందం చేసుకున్నాయి. తొమ్మిది నెలల కిందట రాజధానిని పోగొట్టుకున్న దేశం పెద్దల వరసలో కూర్చుంది. చివరికి ప్రష్యా సాక్సనీలో కొంత భాగంతో సరిపెట్టుకుంది. ఈ ఘనత టాలీరాండ్ ఒక్కడిదే కాదు. ఆస్ట్రియా మంత్రి మెటర్నిక్, ఇంగ్లాండు మంత్రి కాసిల్‌రే కూడా ఫ్రాన్సును తొక్కేయకూడదని గ్రహించినవాళ్లే.

ఇంతలో నెపోలియన్ ఎల్బా దీవి నుంచి తప్పించుకొచ్చి వాటర్లూలో ఓడిపోయాడు. ఈసారి ఫ్రాన్సుకు 70 కోట్ల ఫ్రాంకుల జరిమానా పడింది. లక్షన్నర మంది పరాయి సైనికులు దేశంలో తిష్ఠ వేశారు. అప్పటికే టాలీరాండ్ పదవి వదులుకున్నాడు. అయినా వియన్నాలో వేసిన కుర్చీని శాశ్వతంగా లాగేయలేదు. 1818లో సైన్యాలు వెళ్లిపోయాయి, ఫ్రాన్సు మళ్లీ పెద్దల సభలో చేరింది. ఆ తర్వాత యుద్ధాలు జరగకపోలేదు గానీ, యూరప్ పెద్దరాజ్యాలన్నీ దిగిన యుద్ధం మాత్రం 1914 దాకా రాలేదు.

వియన్నాలో చేసిన తప్పూ ఉంది. పోలండువాళ్లను, ఇటలీవాళ్లను, బెల్జియంవాళ్లను ఎవరూ అడగలేదు. హాలండుతో కలిపేసిన బెల్జియం 1830లో తిరగబడింది. అప్పుడు 76 ఏళ్ల టాలీరాండ్ రాయబారిగా లండన్ వెళ్లి, అయిదు పెద్దరాజ్యాలూ బెల్జియం స్వాతంత్ర్యాన్ని ఒప్పుకోవడంలో పాలుపంచుకున్నాడు. 1838 మే 17న పారిస్‌లో కన్నుమూశాడు.

1919లో వెర్సాయ్‌లో ఓడిన జర్మనీని బేరసారాల్లో కూర్చోనివ్వలేదు. రాసిన కాగితం చేతికిచ్చి సంతకం పెట్టమన్నారు. ఇరవై ఏళ్లకు మళ్లీ మహాయుద్ధం వచ్చింది. కారణం అదొక్కటే కాకపోవచ్చు గానీ, అదీ ఒకటని మాస్టారు చెప్పారు.

ఇదంతా పరీక్షలో రాసి మంచి మార్కులు తెచ్చుకున్నాను. బతుకులోకి మాత్రం తెచ్చుకోలేదు. మా నాన్నగారు పోయాక పొలం గట్టు దగ్గర నాకూ తమ్ముడికీ పేచీ వచ్చి కోర్టుకెక్కాం. నేను గెలిచాను. సర్వేయరు రాళ్లు పాతిన రోజున తమ్ముణ్ణి పిలవనైనా పిలవలేదు. పన్నెండేళ్లు మా రెండిళ్ల మధ్య శుభలేఖలు నడవలేదు. అమ్మ అందరినీ ఒకచోట చూడకుండానే వెళ్లిపోయింది. దినకర్మల నాడు మా మేనమామ వాణ్ణి చెయ్యి పట్టుకుని తెచ్చి నా పక్కన పీట వేసి కూర్చోబెట్టాడు. గట్టు ఎక్కడుందో అక్కడే ఉంది. మాటలు మాత్రం మొదలయ్యాయి. ఆ పీట నేను వేయాల్సింది, పన్నెండేళ్ల ముందే.

తమ్ముడూ ఈ బడివాడే, నాకన్నా మూడు బ్యాచ్‌లు కింద. స్వర్ణోత్సవానికి ఇద్దరం ఒకే కారులో వస్తున్నాం. మాస్టారు ఉండి ఉంటే ఆయన కాళ్లకు దండం పెట్టి, యానాం పాఠం నాకు చాలా ఆలస్యంగా అర్థమైందని చెప్పుకునేవాణ్ణి.