కోకా సుబ్బారావు

ప్రభుత్వాధికారానికి రాజ్యాంగమే హద్దు అని విశ్వసించిన న్యాయకోవిదుడు కోకా సుబ్బారావు. ఆయన 1902లో రాజమహేంద్రవరంలో జన్మించారు. మద్రాసులో న్యాయశాస్త్రం అభ్యసించి, న్యాయవాదిగా రాణించి, 1948లో అక్కడి ఉన్నత న్యాయస్థానంలో న్యాయమూర్తి అయ్యారు.

1953లో ఆంధ్ర రాష్ట్రం కర్నూలు రాజధానిగా అవతరించింది. మరుసటి సంవత్సరం గుంటూరులో ఉన్నత న్యాయస్థానం నెలకొన్నది. నాడు కర్నూలు జిల్లాలో ఉన్న మార్కాపురం, గిద్దలూరు ప్రజలకు పాలనాపీఠం పడమట, న్యాయపీఠం తూర్పున నిలిచాయి. చట్టం చేసే అధికారం శాసనసభది. అది రాజ్యాంగానికి లోబడి ఉన్నదా అని తేల్చే అధికారం న్యాయస్థానానిది. ఆ న్యాయస్థానానికి తొలి ప్రధాన న్యాయమూర్తి సుబ్బారావే.

1958లో సర్వోన్నత న్యాయస్థానంలో ప్రవేశించిన ఆయన, 1966లో భారత ప్రధాన న్యాయమూర్తి పదవిని అలంకరించారు. 1967 ఫిబ్రవరి 27న గోలక్‌నాథ్ వ్యాజ్యంలో తీర్పు వెలువడింది. ప్రాథమిక హక్కులను హరించే సవరణ చేసే అధికారం పార్లమెంటుకు లేదని పదకొండుగురిలో ఆరుగురు న్యాయమూర్తులు నిర్ణయించారు. అయితే ఈ సూత్రం నాటి నుండే వర్తిస్తుందనడం వల్ల పూర్వపు భూసంస్కరణలకు భంగం కలుగలేదు.

కొద్దివారాలకే ఆయన పదవిని వీడి, ప్రతిపక్షాల అభ్యర్థిగా రాష్ట్రపతి ఎన్నికలో నిలిచి, జాకీర్ హుస్సేన్ చేతిలో ఓడిపోయారు. న్యాయపీఠం నుండి నేరుగా ఎన్నికల రంగంలోకి దిగడం విమర్శకు గురైంది.

పార్లమెంటు 1971లో 24వ సవరణతో ఆ తీర్పును త్రోసిపుచ్చింది. 1973లో కేశవానంద భారతి వ్యాజ్యంలో న్యాయస్థానమూ దానిని కాదన్నది. కాని రాజ్యాంగ మౌలిక స్వరూపాన్ని ఏ సవరణా మార్చరాదని ప్రకటించింది. హద్దు స్థానం మారినా, హద్దు మాత్రం నిలిచింది. సుబ్బారావు 1976లో, అత్యవసర పరిస్థితి కాలంలోనే పరమపదించారు.