పక్షిరాజా శ్రీరాములు నాయుడుగారు

ఇంట తెలుగు, అంగట తమిళం అన్నది కోయంబత్తూరు నాయుళ్ల కుటుంబాల్లో తరతరాల వాడుక. ఎస్.ఎం. శ్రీరాములు నాయుడుగారు ఆ రెండింటితో ఆగలేదు. ఆయన తమిళ చిత్రాలను అందరూ తలుచుకుంటారు గాని మలయాళానికి చేసిన సేవను మనవాళ్లే మరచిపోతున్నారు. అందుకే ఈ ఉగాది సంచికలో నాలుగు మాటలు వ్రాస్తున్నాము.

తొలి రోజుల్లో మలయాళ చిత్రాలకు స్టూడియో కావాలంటే కనుమ దాటి ఇవతలికి రావలసిందే. మొదటి మలయాళ టాకీ 'బాలన్' (1938) సేలంలోనే తయారయింది. కోయంబత్తూరు సింగనల్లూరులోని సెంట్రల్ స్టూడియోస్ స్థాపకుల్లో నాయుడుగారొకరు. 'శివకవి' (1943) ఆయనకు పేరు తెచ్చింది. ఆ పేరు నిలదొక్కుకునేలోపే 1944లో లక్ష్మీకాంతన్ హత్య జరిగింది. త్యాగరాజ భాగవతార్, ఎన్.ఎస్. కృష్ణన్‌లతోపాటు నాయుడుగారినీ నిర్బంధించారు. విచారణలో ఆయన నిర్దోషిగా బయటపడ్డారు. అంతటి అపవాదు నెత్తిన పడితే మరొకరు ఊరు విడిచిపోయేవారేమో! ఆయన మాత్రం 1945లో ఇదే ఊళ్లో పక్షిరాజా స్టూడియో నెలకొల్పారు.

1950లో లలిత, పద్మినులతో మలయాళ 'ప్రసన్న' తీశారు. అదే ఏడు హ్యూగో నవల ఆధారంగా ఆయన సంస్థ తీసిన చిత్రం తెలుగులో 'బీదలపాట్లు'గా వచ్చింది. 1954 నాటి 'మలైక్కళ్లన్' రాష్ట్రపతి రజత పతకం పొందిన మొదటి తమిళ చిత్రం. ఆ కథే తెలుగులో 'అగ్గిరాముడు', హిందీలో 'ఆజాద్', మలయాళంలో సత్యన్ నటించిన 'తస్కరవీరన్' (1957). కన్నడం, సింహళంతో కలిపి ఒకే దొంగకు ఆరు వేషాలు!

వ్యాపారానికి అది భేషు. కాని 1954లోనే 'నీలక్కుయిల్' చిత్రం కేరళ పల్లెనూ, అక్కడి కులభేదాలనూ మలయాళీలకు తెరమీద చూపింది. తమ నేల కథ రుచి మరిగిన ప్రేక్షకుల ముందు 'తస్కరవీరన్' మాకు అరువు తెచ్చిన చొక్కాలా కనిపిస్తుంది.

'శబరిమల శ్రీ అయ్యప్పన్' (1961) అలాంటిది కాదు. పందళ రాజకుమారుని గాథ కేరళ సొంతం. వావరు మసీదుకు వెళ్లి మరీ కొండెక్కే ఆచారం ఆ నేలది. ఆ కథను నాయుడుగారు రంగుల్లో తీశారు. అప్పటికి తెలుగునాట అయ్యప్ప దీక్ష ఇంతగా వ్యాపించలేదు. ఇప్పుడు కార్తీకం వస్తే మాల లేని వీధి అరుదు. మలయాళీ దేవుణ్ణి మన నాయుడుగారు అంత ముందుగా తెరకెక్కించారన్నమాట.

పిమ్మట ఆయన బెంగుళూరు చేరి చాముండేశ్వరి స్టూడియో నడిపారు. 1976లో కన్నుమూశారు. పక్షిరాజాలో చిత్రాలు తీయడం ఎప్పుడో ఆగిపోయింది.