బోర్డుల నుంచి బెర్లిన్ దాకా: చిత్రకారుడు హుస్సేన్

మా రోజుల్లో ఖైరతాబాద్ నుంచి బస్సెక్కి ఆబిడ్స్ వెళ్తే, రామకృష్ణా థియేటర్ ముందు చేత్తో గీసిన సినిమా బోర్డులు చూస్తూ నిలబడిపోయేవాణ్ణి. ఆ సంగతి తెలిసిన మన డ్రాయింగు మాస్టారు, ఇలాంటి బోర్డులు గీసే పెద్ద చిత్రకారుడైన మనిషి ఒకరున్నారని చెప్పారు. ఆయనే మక్బూల్ ఫిదా హుస్సేన్.

1915లో పండరిపురంలో పుట్టి, ఇందోర్‌లో పెరిగిన హుస్సేన్ బొంబాయి చేరి సినిమా హోర్డింగులకు రంగులేసి పొట్టపోసుకున్నారు. 1947లో ప్రోగ్రెసివ్ ఆర్టిస్ట్స్ గ్రూపులో చేరారు. ఆ తర్వాత గ్యాలరీలు ఆయన గుర్రాల బొమ్మల కోసం ఎదురుచూశాయి.

అంత పేరొచ్చాక, యాభై దాటిన వయసులో ఆయన కెమెరా వైపు తిరిగారు. ఫిలిమ్స్ డివిజన్ కోసం రాజస్థాన్‌లో 'త్రూ ది ఐస్ ఆఫ్ ఎ పెయింటర్' తీశారు. అందులో కథ లేదు. గొడుగు, లాంతరు, కోటగోడలు, మనుషులు బొమ్మల్లా వరసగా వస్తాయి. సంగీతం మన తెలుగువారు ఏల్చూరి విజయరాఘవరావుగారిది. 1967లో బెర్లిన్ చిత్రోత్సవంలో ఆ చిన్న చిత్రానికి గోల్డెన్ బేర్ దక్కింది.

హైదరాబాద్‌తో ఆయనది పాత బంధం. లోహియా ప్రేరణతో, ఇక్కడి బద్రీ విశాల్ పిత్తీ ఆదరణతో రామాయణ చిత్రాలు గీశారు. తర్వాత బంజారాహిల్స్‌లో సినిమా ఘర్ కట్టుకున్నారు. ఎనభై దాటాక మాధురీ దీక్షిత్‌తో 'గజగామిని' (2000) తీశారు. అది పెద్దగా ఆడలేదు. అయినా ఆగక, మన ఊరి అమ్మాయి టబుతో 'మీనాక్షి' (2004) తీశారు. హైదరాబాద్, జైసల్మేర్, ప్రాగ్ నగరాల కథ అది. ఒక పాటపై అభ్యంతరాలు రావడంతో ఆయనే దాన్ని థియేటర్ల నుంచి వెనక్కి తీసుకున్నారు. చిత్రాలపై వచ్చిన వివాదాల వల్ల చివరి ఏళ్లు దేశం బయటే గడిపి, 2011 జూన్ 9న లండన్‌లో కన్నుమూశారు.

పదో తరగతి అయ్యాక నేను ఇంజనీరింగు కోసం కుంచె వదిలేశాను. మాస్టారు ఆ తర్వాత రెండుసార్లు నా గురించి అడిగారట. సిగ్గుతో వెళ్లి కలవలేదు. ఇప్పుడాయన లేరు. నాకు యాభై ఆరేళ్లు. హుస్సేన్ మొదటి సినిమా తీసిన వయసు దాటేశాను. మొన్న ఒక రంగుల డబ్బా కొన్నాను. మొదటి బొమ్మ మాస్టారిదే. పోలిక ఇంకా కుదరలేదు.

పిల్లల డ్రాయింగు పీరియడ్‌ను లెక్కలకు ఇచ్చేయవద్దని ఉపాధ్యాయులకు నా మనవి.