ఎమ్మిగనూరు నుంచి అసెంబ్లీకి పోయిన పెద్దాయన

ఈసారి మన వార్షిక నివేదికలో కోట్ల విజయభాస్కరరెడ్డి గారి గురించి రాస్తున్నాము. కర్నూలు జిల్లాలో అందరూ ఆయన్ని పెద్దాయన అనేవాళ్లు. రెండుసార్లు ముఖ్యమంత్రి చేసినారని మనందరికీ తెలుసు. ఆయన మొదట గెలిచింది మన ఎమ్మిగనూరులోనే అని మాత్రం మన గ్రూపుల్లో చిన్న వయసు సభ్యులకు శానామందికి తెలియదు.

ఆయన 1920 ఆగస్టు 16న అమకతాడులో రైతు కుటుంబంలో పుట్టినారు. లా చదివినారు.

ఆ కాలంలో మన ఆదోని, ఎమ్మిగనూరు పల్లెలు బళ్లారి జిల్లా కింద ఉండేవి. అందుకే ఇప్పటికీ మన ఇళ్లల్లో సగం మాటలు కన్నడం. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు ఆదోని, ఆలూరు తాలూకాలను కర్నూలు జిల్లాలో కలిపినారు. కర్నూలే రాజధాని. ఏడాది దాటగానే ప్రకాశం పంతులు గారి ప్రభుత్వం పడిపోయింది. గొడవ దేని మీదనుకున్నారు? మద్యనిషేధం మీదనే. దాంతో 1955లో మళ్లీ ఎన్నికలు పెట్టినారు. ఎమ్మిగనూరు నుంచి విజయభాస్కరరెడ్డి గారు గెలిచినారు.

తర్వాత జిల్లా పరిషత్ చైర్మన్ అయినారు, రాష్ట్రంలో మంత్రి అయినారు. 1977లో కర్నూలు ఎంపీ, ఆపైన ఢిల్లీలో మంత్రి. 1982 సెప్టెంబరులో ముఖ్యమంత్రి అయితే నాలుగు నెలలు కూడా నిండలేదు, ఎన్టీ రామారావు గారు గెలిచి వచ్చినారు.

మనకు కావలసిన కథ 1992 అక్టోబరులో ఆయన రెండోసారి ముఖ్యమంత్రి అయినాక జరిగింది. అప్పటికే నెల్లూరు జిల్లా దూబగుంటలో రాత్రిబడిలో అక్షరాలు నేర్చుకున్న ఆడవాళ్లు సారా అంగడి మూయించినారు. ఆ మాట ఊరూరా పాకింది. చీపుర్లు, కారంపొడి పట్టుకొని సారా పాటలకు అడ్డం పడినారు. సారా పాటల డబ్బు ప్రభుత్వానికి పెద్ద ఆదాయం, అందుకే వెంటనే ఒప్పుకోలేదు. 1993 ఏప్రిల్‌లో ముందు నెల్లూరు జిల్లా వరకే సారా ఆపినారు. ఆడవాళ్లు తగ్గలేదు. అదే ఏడు అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతా సారా బంద్ చేసినారు. మా లెక్కన ఈ ఘనత ముందు ఆ అక్కలది, తర్వాతే ఆయనది. అయినా అంత ఆదాయం పోతుందని తెలిసి కూడా చేసినారు కదా, ఆ మాట ఒప్పుకోవాల.

సారాకు పోయే డబ్బు మిగిలింది. నెల్లూరు ఆడవాళ్లు రోజుకు రూపాయి చొప్పున పొదుపు మొదలుపెట్టినారు. మన పొదుపు పుస్తకాలకు వేరు అక్కడుంది. 1994లో వచ్చిన పంచాయతీరాజ్ చట్టం కూడా ఆయన కాలందే. సర్పంచు, వార్డు సీట్లలో మూడోవంతు ఆడవాళ్లకు వచ్చింది అప్పుడే.

ఆడవాళ్లు అడిగింది మాత్రం సారా ఒక్కటే కాదు. బ్రాందీ, విస్కీ అంగళ్లు తెరిచే ఉన్నాయి. పూర్తిగా ఆపుతామన్న ఎన్టీ రామారావు గారికి 1994 డిసెంబరులో ఓట్లు పడినాయి, కాంగ్రెసుకు 26 సీట్లే మిగిలినాయి. ఆ పూర్తి నిషేధం కూడా 1997లో ఎత్తేసినారు. ఇప్పుడు మన ఊర్లల్లో ఎట్లుందో రాయబళ్లేదు.

పెద్దాయన 2001 సెప్టెంబరు 27న పోయినారు. కర్నూలులో ఆయన సమాధి ఉన్న చోటును కిసాన్ ఘాట్ అంటారు. తుంగభద్ర మీద సుంకేసుల బ్యారేజీకి ఆయన పేరే పెట్టినారు. ఆ నీళ్లు కేసీ కాలువలో కర్నూలు, నంద్యాల, కడప దిక్కు పోతాయి. మన పడమటి పల్లెలకు ఎల్లెల్సీ నీళ్లే దిక్కు, అవీ కాలువ చివర పొలాలకు సరిగా అందవు. మనోళ్లు ఇంకా సుగ్గికి పోతూనే ఉన్నారు.